కొత్త ట్యాంకుకు మరమ్మతు

"ఎలాగూ ఆరిపోయే పొయ్యే కదా. ఇవాళ్టి నుంచే అలవాటు చేసుకుందాం," అంది అత్తగారు.

అని ఊరుకుంటే ఆవిడ అత్తగారు ఎందుకవుతుంది? వంటింటి గుమ్మానికి అడ్డంగా స్టూలు వేసుకుని కూర్చుంది. చిన్నకోడలు టీ గిన్నెతో ఇవతలే నిలబడిపోయింది. యుద్ధ ట్యాంకు పొట్టలోకి దూరి, ఒళ్ళు మడతపెట్టి పడుకుని వెల్డింగు చేసే మనిషికి ఒక ముసలావిడను తప్పించుకుని వెళ్ళడం పెద్ద పనేం కాదు. కానీ ఫ్యాక్టరీలో ఎంత దుడుకుమనిషని పేరున్నా, ఈ గుమ్మం దగ్గర ఆమె ఇంకా చిన్నకోడలే.

"టీ తాగి డ్యూటీకి వెళ్ళాలి అత్తయ్యా."

"ఏ డ్యూటీకి? ఊళ్ళో అందరి డ్యూటీలూ ఊడగొట్టే డ్యూటీకా?"

ఆమె భర్త గోడవైపు తిరిగి బూట్ల తాళ్ళు కట్టుకుంటున్నాడు. కట్టుకుంటూనే ఉన్నాడు. ఆ బూట్లకు అంత పొడుగు తాళ్ళున్నాయని ఇన్నేళ్ళ కాపురంలో ఆమె ఎన్నడూ గమనించలేదు. నిన్న ఓవర్‌టైమ్ అని చెప్పి ఆలస్యంగా వచ్చాడు. వచ్చినవాడు చేతులు అదేపనిగా కడుక్కుని, అన్నం వద్దని పడుకున్నాడు. అది తన మీద కోపమేనని ఆమె అనుకుంది. కోపమైతే ఎప్పటికైనా తగ్గుతుందని కూడా అనుకుంది.

మొన్న పార్లమెంటు కమిటీ ముందు నోరు విప్పినప్పటి నుంచి ఇంట్లో ఇదే వరస. మాట్లాడితే అత్తగారు మాట్లాడాలి, లేకపోతే ఎవరూ మాట్లాడరు. వీధిలో అయితే ఆపాటి కూడా లేదు. పక్కింటావిడ ఆమెను చూడగానే దండెం మీది బట్టలు తడితడిగానే లాక్కుని లోపలికి పోయింది. కిరాణా కొట్టాయన డబ్బులు తీసుకుని, చిల్లర మాత్రం చేతికివ్వకుండా బల్లమీద పెట్టాడు.

ఇంతకీ ఆమె చెప్పింది ఒక్క ముక్క. మరమ్మతుకని షెడ్డులో పెట్టిన ఆ ట్యాంకు పాతది కాదనీ, నిరుడు కాక అంతకుముందు ఏడే తన చేతులతో అతికాననీ చెప్పింది. అంతే.

ఆ ముక్క ఊళ్ళో తెలియనివాళ్ళు లేరు. మాకు ట్యాంకులు చాలు, ఇక వద్దు మొర్రో అని సైన్యంవాళ్ళు ఏటా చెబుతూనే ఉన్నారు. ఏటా బడ్జెట్టులో ట్యాంకులు ఉంటూనే ఉన్నాయి. ట్యాంకులు ఆగితే ఫ్యాక్టరీ ఆగుతుంది, ఫ్యాక్టరీ ఆగితే ఈ చుట్టుపక్కల ఓట్లు ఆగుతాయి. అందుకని కొత్త ట్యాంకులు బ్యాండు వాయిస్తుండగా ముందు గేటులోంచి వెళ్ళి రైలెక్కుతాయి. ఎక్కడో దూరాన ఒక మైదానంలో టార్పాలిన్లు కప్పుకుని హాయిగా నిద్రపోతాయి. ఆ తర్వాత కాగితాల మీద వయసు పెంచుకుని, వెనక గేటులోంచి మరమ్మతుకు వస్తాయి. బిగించిన చేతులే వాటిని విప్పుతాయి, విప్పిన చేతులే మళ్ళీ బిగిస్తాయి. దానికి దేశభద్రత అని పేరు. జీతాలు మాత్రం నిజంగానే వస్తాయి. అందుకే ఇన్నాళ్ళూ ఎవరూ కిమ్మనలేదు.

బావగారు లోపలికి రావడంతో అత్తగారు స్టూలు మీంచి లేచింది. పెద్దకొడుకు వస్తే ఆవిడ ఎప్పుడూ లేస్తుంది. ఆయన కాపురం పక్క వీధిలో, ఉద్యోగం ఈ ఫ్యాక్టరీలోనే, హోదా యూనియన్ కార్యదర్శి. గేటు ముందు మీటింగుల్లో అరిచి అరిచి బొంగురుపోయిన గొంతు ఆయనది. ఒక్క మనిషితో మాట్లాడినా ఊరేగింపుతో మాట్లాడినట్టే ఉంటుంది.

ఇవాళ మాత్రం చాలా నెమ్మదిగా మాట్లాడాడు. అందుకే ఆమెకు భయం వేసింది.

మధ్యాహ్నం కమిటీవాళ్ళు స్వయంగా షెడ్డుకు వచ్చి ఆ ట్యాంకు చూస్తారట. అందరి ముందూ ఆమెను మళ్ళీ అడుగుతారట. పొరబడ్డాను, చీకట్లో సరిగ్గా కనపడలేదు అని ఒక మాట అనేస్తే చాలునట. మేనేజరు ఏమీ మనసులో పెట్టుకోడట, వీధి కూడా మర్చిపోతుందట. అందరితోనూ ముందే మాట్లాడుకుని వచ్చాడు. ఆమెతో మాట్లాడటమే తరువాయి.

"ఆ గుర్తు నాదే బావగారూ."

"నీదేనమ్మా. కాదని నేనన్నానా?"

ఆ ఫ్యాక్టరీ వెల్డర్లకు ఒక అలవాటు ఉంది. ఏ రూలులోనూ లేదు, ఎవరూ నేర్పలేదు. ట్యాంకు పొట్టలో చివరి అతుకు డ్రైవరు సీటు కింద వస్తుంది. ఎవరి కంటా పడని చోటు. అక్కడ పని ముగించేటప్పుడు ఎవరికి తోచినట్టు వాళ్ళు అతుకు చివర ఒక చిన్న మెలిక పెడతారు. ఒకాయన చుక్క పెడతాడు, ఇంకొకాయన కొక్కెం తిప్పుతాడు. ఈమెది నెలవంక. మరమ్మతుకు వచ్చిన ట్యాంకులో సీటు ఊడదీసినప్పుడు ఆ నెలవంక కనపడింది. పైగా దాని తోక వంకరగా ఉంది.

తోక ఎందుకు వంకరపోయిందో ఆమెకు ఈ జన్మలో మరుపు రాదు. అది తిప్పుతుండగానే పైనుంచి ఎవరో కేకేసి, సైన్యంలో ఉన్న ఆమె తమ్ముడి లారీ మందుపాతర మీదికి వెళ్ళిందని చెప్పారు. చెయ్యి అదిరింది. ఆ చివర అరగదీసి మళ్ళీ వెయ్యడం పద్ధతి. ఆమె ముసుగు అక్కడే పారేసి రైలుకు పరుగెత్తింది. ట్యాంకు అలాగే వెళ్ళిపోయింది. ఇన్నేళ్ళ ఉద్యోగంలో ఆమె సరిచెయ్యకుండా వదిలేసిన పని అదొక్కటే. పాత ట్యాంకని కాగితాలు ఎంత మొత్తుకున్నా, ఆ వంకర పుట్టిన రోజు ఆమెకు తెలుసు.

బావగారు కుర్చీ దగ్గరికి లాక్కున్నాడు. "నేను ఒక్కటే అడుగుతా. ట్యాంకులు ఆగిపోయాయే అనుకో. ఆ డబ్బు మీ తమ్ముడి లాంటి వాళ్ళ లారీల అడుగున ఉక్కు పలకలు వెయ్యడానికి పోతుందనుకుంటున్నావా?"

ఆమె చేతిలోని టీ గిన్నె కింద పెట్టింది.

"ఆ కమిటీ అధ్యక్షురాలి నియోజకవర్గంలో ఏముందో తెలుసా? విమానాల ఫ్యాక్టరీ. ఇక్కడ కోసింది తీసుకెళ్ళి అక్కడ అతికిస్తుంది. పేపర్లో పొదుపు అని రాస్తారు. సైనికులు మళ్ళీ ఆ లారీల్లోనే పోతారు. మన వీధిలో మాత్రం పొయ్యిలు వెలగవు. ఇది కాదని చెప్పు, ఇప్పుడే లేచి వెళ్ళిపోతా."

కాదని ఆమె చెప్పలేకపోయింది. మొన్నటి నుంచి ఎందరు దుమ్మెత్తిపోసినా తల వంచని మనిషి, ఈ ఒక్క ప్రశ్నకు నేల చూపులు చూసింది. ఆయన అబద్ధం ఆడటం లేదు. అదీకాక ఆయన ఆమెకు చేసింది తక్కువేం కాదు. ఆడవాళ్ళకు వెల్డింగేమిటని అప్పటి మేనేజరు నవ్వితే, గేటు ముందు బైఠాయించి ఆ పని ఇప్పించింది ఈయనే. ఆ కృతజ్ఞత ఆమెకు ఇప్పటికీ ఉంది, అందుకే ఈ పోట్లాట ఇంత కష్టంగా ఉంది.

"మీరడిగినదానికి నా దగ్గర జవాబు లేదు," అంది చివరికి. "జవాబు లేదు కదా అని అబద్ధం చెప్పమంటే మాత్రం చెప్పను."

"అబద్ధం ఎందుకు, ఊరుకో చాలు."

"ఊరుకునే ఉన్నాం కదా బావగారూ ఇన్నాళ్ళూ. ఏం బాగుపడ్డాం?"

అత్తగారు అందుకుంది. ఈ ఫ్యాక్టరీ పునాదులు తవ్విన చేతులు తన మొగుడివనీ, కొడుకులిద్దరూ ఆ సైరను వింటూ పెరిగారనీ, ఇప్పుడు ఎక్కడినుంచో వచ్చిన పిల్ల ఊరందరి నోట్లో మట్టి కొడుతోందనీ మొదలుపెట్టి, చిన్నకోడలి పుట్టింటిదాకా వెళ్ళింది. బావగారు తల్లిని వారించలేదు. తమ్ముడి వైపు తిరిగి, నువ్వైనా చెప్పరా అన్నాడు.

ఆమె భర్త బూట్ల మీంచి తలెత్తాడు. అన్నను చూశాడు. భార్యను చూడలేదు. "నాకు టైమవుతోంది," అని లేచి వెళ్ళిపోయాడు.

బావగారు కూడా లేచాడు. వాకిలి దాకా వెళ్ళి ఆగాడు. "నువ్వు వినవని నాకు తెలుసమ్మా. అయినా అడగాలి కదా, ఇంటి పిల్లవి," అన్నాడు.

ఆ మాటలో కోపం లేదు, బెదిరింపు లేదు. ఓడిపోయిన మనిషి మాట్లాడినట్టు అసలే లేదు. చిన్నకోడలికి అది ఎంతమాత్రం నచ్చలేదు.

వాకిట్లో ఆమె తమ్ముడు కుర్చీలో కూర్చుని పెట్టుడు కాలు ఒళ్ళో పెట్టుకుని, దాని పట్టీ బిగిస్తున్నాడు. ఆసుపత్రి నుంచి వచ్చాక అతను అక్క దగ్గరే ఉంటున్నాడు. లోపల జరిగిందంతా విన్నాడని ముఖం చూస్తేనే తెలుస్తోంది.

"ఇవాళ నీకు టీ లేదురా," అంది ఆమె.

"విన్నాను. మీ గోడలు పల్చన, మీ అత్తగారి గొంతు చిక్కన."

ఆమెకు నవ్వొచ్చింది కానీ నవ్వే ఓపిక లేకపోయింది. అతని పక్కన గట్టు మీద కూలబడింది. కాసేపు ఇద్దరూ వీధిలోకి చూస్తూ కూర్చున్నారు. వీధి మాత్రం వాళ్ళను చూడకుండా సైకిళ్ళు తొక్కుకుంటూ డ్యూటీకి పోతోంది.

మధ్యాహ్నం కమిటీ ముందు తన కాలు ఊసెత్తవద్దని తమ్ముడు అన్నాడు. ఎత్తకపోతే ఎలా అని ఆమె కసిరింది. ఈ గొడవంతా మొదలైందే దాంతో కదా, ఇక్కడ పనికిరాని ట్యాంకులు అతుకుతుంటే అక్కడ పలక లేని లారీలో వీడు కాలు పోగొట్టుకున్నాడని కదా తన కడుపు మండింది.

"కాలు చూపిస్తే కళ్ళు తుడుచుకుంటారక్కా. తుడుచుకుని భోజనానికి పోతారు. ఆసుపత్రికి మంత్రిగారు వచ్చినప్పుడు చూశాను."

తర్వాత అతను ఎప్పుడూ చెప్పని సంగతి చెప్పాడు. లారీ అడుగున ఉక్కు పలక లేక, వాళ్ళు ఇసుక బస్తాలు పరుచుకుని వాటి మీద కూర్చునేవారట. పలకలు కావాలని అడిగినప్పుడల్లా ఈ ఏడు బడ్జెట్టులో చోటు లేదనే జవాబు. ఆ రోజు వాన పడి బస్తాలు నానిపోయాయి. బురదలో లారీ కదలక, బస్తాలన్నీ దింపేయక తప్పలేదు. దింపి కొంచెం దూరం కూడా వెళ్ళలేదు. 

"ట్యాంకు కావాలా, పలక కావాలా అని మమ్మల్ని ఒక్కడు అడిగిన పాపాన పోలేదు," అన్నాడు. "నువ్వు నా కోసం ఏడవకు. వాళ్ళను పని అడుగు. పలకలు అతకడం నీకొచ్చు కదా."

"వచ్చు," అంది.

మొన్నటి నుంచి ఆమె బుర్రలో వద్దు, కాదు అనే మాటలే తిరుగుతున్నాయి. ఏది కావాలో ఎవరూ అడగలేదు, తనకూ తోచలేదు. ఇప్పుడు తోచింది. ఖాళీ కడుపుతోనే లేచి, చీర చెంగు విదిలించి, సైకిళ్ళ మధ్యలోంచి నడుస్తూ ఫ్యాక్టరీకి బయలుదేరింది. ఎవరూ పలకరించలేదు. తను మాత్రం కనపడ్డవాళ్ళనల్లా పేరుపేరునా పలకరించుకుంటూ పోయింది. మాట్లాడకపోవడం వాళ్ళిష్టం, పలకరించడం ఆమె ఇష్టం.

షెడ్డులో ఆ పూట పని జరిగినట్టే ఉంది కానీ జరగలేదు. సుత్తులు మోగాయి, గొలుసులు కదిలాయి, క్రేను ఒకే బరువును అటూ ఇటూ తిప్పింది. అందరి కళ్ళూ తలుపు మీదే ఉన్నాయి. కమిటీ రానే వచ్చింది.

అధ్యక్షురాలు పొట్టి మనిషి. జుట్టు బిగించి కట్టి, చదును చెప్పులు వేసుకుని వచ్చింది. వెంట మేనేజరు, ప్రతి మాటా రాసుకునే గుమాస్తా ఒకాయన, ఇంకా కొందరు సభ్యులు. మేనేజరు టీ అన్నాడు, ఆమె వద్దంది. కుర్చీలన్నాడు, వద్దంది. సరాసరి ట్యాంకు దగ్గరకు వచ్చి, మీ గుర్తు చూపించండి అని చిన్నకోడలితో అంది.

పని మానేసి జనమంతా చుట్టూ చేరారు. బావగారు ముందు వరసలో చేతులు కట్టుకుని నిలబడ్డాడు. ఆమె భర్త ఫిట్టర్ల గుంపులో, ట్యాంకుకు దగ్గరగా ఉన్నాడు. ముఖంలో నెత్తురు చుక్క లేదు.

చిన్నకోడలు దీపం పట్టుకుని పొట్టలోకి దిగింది. ఆ ఇరుకు ఆమెకు ఇంటికన్నా బాగా తెలుసు. సీటు చోటు దగ్గర బోర్లా పడుకుని, అతుకు వెంట వేలు పోనిస్తూ చివరిదాకా వెళ్ళింది.

చివర నెలవంక లేదు.

నున్నగా ఉంది. ఎవరో మెలికను అరగదీసి, దాని మీద కొత్తగా తిన్నటి అతుకు వేసి, పైన రంగు పూశారు. ఆమె దీపం దగ్గరగా పెట్టి చూసింది. రంగు కింద గ్రైండరు గీతలు తెలుస్తున్నాయి. అవి అందరి గీతల్లా కుడివైపుకు వాలి లేవు, ఎడమవైపుకు వాలి ఉన్నాయి.

షెడ్డు మొత్తంలో గ్రైండరు ఎడమచేత్తో పట్టేవాడు ఒక్కడే ఉన్నాడు. నిన్న ఓవర్‌టైమ్ అని చెప్పి వచ్చి, అదేపనిగా చేతులు కడుక్కున్నవాడు.

ఆమెకు ముందు ఏడుపు వచ్చింది. ఆ తర్వాత ఒళ్ళు మండిపోయింది. తనతో ఒక్క ముక్క చెప్పి చేసి ఉంటే ఇంత మండేది కాదేమో. పక్కన పడుకుని, పొద్దున్న ఎదురుగా కూర్చుని బూట్ల తాళ్ళు కట్టుకున్నాడు.

పైకి వచ్చి, గుర్తు లేదు, తీసేశారు అని చెప్పింది.

జనంలో గుసగుసలు లేచాయి. మేనేజరుకు ప్రాణం లేచొచ్చింది. ఈమె మనిషి మంచిదేననీ, తమ్ముడి విషయంలో మనసు చెదిరి ఏదో ఊహించుకుందనీ, తామెవరూ తప్పుగా అనుకోవడం లేదనీ చెప్పుకుపోయాడు. అధ్యక్షురాలు అతని మాట పూర్తికాకుండానే గుమాస్తా చేతికి తన సంచీ ఇచ్చి, తనే పొట్టలోకి దిగింది. మేనేజరు నోరు మూసుకున్నాడు.

ఆమె పైకి వచ్చేసరికి రవిక చేతుల నిండా నల్లటి మరకలు. తుడుచుకోలేదు.

"ఇక్కడ కొత్తగా అరగదీశారు. గోటితో గీకితే రంగు ఊడొస్తోంది," అంది. "కమిటీ చూడబోయే ఆనవాలును చెరిపేశారు. ఇది చిన్న విషయం కాదు, చేసినవాళ్ళు జైలుకు వెళ్తారు." ఆమె చిన్నకోడలి వైపు తిరిగింది. "ఈ పని ఎవరు చేశారో పోల్చుకోగలరా?"

పోల్చుకోగలదని షెడ్డులో అందరికీ తెలుసు. అతుకు చూసి మనిషిని చెప్పగలదని వాళ్ళే నలుగురికీ గొప్పగా చెప్పుకునేవారు.

చిన్నకోడలు బావగారి వైపు చూసింది. ఆయన కట్టుకున్న చేతులు విప్పలేదు. ఆ ముఖంలో కంగారు లేదు. పొద్దున్న వాకిట్లో కనపడిన నెమ్మదే ఇప్పుడూ ఉంది. అప్పుడు ఆమెకు అంతా అర్థమైంది. ఆ గుర్తు చెరపడానికి ఫ్యాక్టరీలో ఎంతమంది లేరు? ఎవరిని పిలిచినా కాదనరు. ఏరికోరి తమ్ముడి చేతే చేయించాడు. నిజం చెప్పాలంటే మొగుణ్ణి జైలుకు పంపాలి, మొగుణ్ణి కాపాడుకోవాలంటే నిజం మింగాలి. పొద్దున్న అడగడమంతా ఉత్తుత్తిదే. తాళం ముందే వేసేసి, తలుపు మూసుకోమ్మా అని మర్యాదకు అడిగాడు.

ఇంతటి తెలివి మేనేజరు మీద వాడి ఉంటే ఊరు ఎప్పుడో బాగుపడేది.

"అడుగుతున్నాను," అంది అధ్యక్షురాలు. "తెలుసా, తెలియదా?"

చిన్నకోడలు ట్యాంకు మీదే నిలబడి, కిందున్న భర్తను చూసింది. మొన్నటి నుంచి తప్పించుకుంటున్న కళ్ళు ఇప్పుడు తప్పించుకోలేదు.

"మీరు చెప్తారా, నన్ను చెప్పమంటారా?"

మాట గట్టిగా రాలేదు. ఇంట్లో రాత్రి భోజనానికి ఏం చెయ్యమంటారు అని అడిగినట్టే వచ్చింది. కానీ షెడ్డు చివర క్రేను దగ్గరున్నవాళ్ళకు కూడా వినపడింది.

అతను అన్న వైపు ఒకసారి చూశాడు. పెదవులు కదిలాయి. అన్న ఎదురుగా నిలబడి పెద్దగా మాట్లాడిన మనిషి కాదు అతను. చిన్నప్పుడు అన్న పాత బూట్లు వేసుకున్నాడు, పెద్దయ్యాక అన్న చూపించిన పనిలో చేరాడు. ఎడమచేతికున్న తొడుగు తీసేశాడు.

"నువ్వే చెప్పు," అన్నాడు భార్యతో. "అన్నయ్యకు ఎదురు మాట్లాడటం నావల్ల కాదు. నువ్వు చెప్తే మాత్రం కాదనను."

ఆ మాట అనడానికి అతనికి ఎంత కష్టమైందో ఆమెకు తెలుసు. నెమ్మదస్తుడు, పిరికివాడు అని అందరూ అనే మనిషి, జైలు అన్న మాట విన్నాక కూడా చెప్పమంటున్నాడు. మూడు రోజులుగా గుండెల్లో గడ్డకట్టిన కోపమంతా ఆ క్షణంలో కరిగిపోయింది. కరిగిపోయి, ఇంకోవైపుకు తిరిగింది.

ఆమె ట్యాంకు మీంచే అధ్యక్షురాలి వైపు తిరిగింది.

"చేసింది మా ఆయన. ఆయన చేత ఎవరు చేయించారో కూడా చెప్తాను. కానీ ముందు మీరొకటి చెప్పాలి."

"ఇది విచారణమ్మా. ప్రశ్నలు మేము అడుగుతాం."

"ఇన్నేళ్ళూ మమ్మల్ని ఎవరూ ఏమీ అడగలేదు, మేమూ ఎవరినీ అడగలేదు. అందుకే కొత్త ట్యాంకులకు మరమ్మతులు చేసుకుంటూ బతుకుతున్నాం." ఆమె కాలితో ట్యాంకును తట్టింది. "ఈ ట్యాంకులు ఆపేస్తారు, సరే. ఆ డబ్బు ఎక్కడికి పోతుంది? పలకల్లేని లారీలకు పోతుందా, మీ ఊరి విమానాలకు పోతుందా?"

సభ్యులు ఒకరి ముఖాలు ఒకరు చూసుకున్నారు. అధ్యక్షురాలు అప్పటిదాకా ఎవరి ముందూ తడబడలేదు. ఇప్పుడు ఆమె చూపు ఒక్క క్షణం పక్కకు జరిగింది. దాన్ని షెడ్డంతా చూసింది.

"లారీల కింద పలకలు అతకడం మాకొచ్చు," అంది చిన్నకోడలు. "ఇదే ఉక్కు, ఇవే చేతులు. ఫ్యాక్టరీ మూసేయమని నేను మీకు చెప్పలేదు. పనికొచ్చే పని ఇమ్మంటున్నాను. ఇస్తామని వీళ్ళందరి ముందూ చెప్పండి. అప్పుడు ఆ పేరు చెప్తాను. చెప్పేదాకా ఈ ట్యాంకు దిగను."

అని, ట్యాంకు మీదే మూత పక్కన చతికిలబడి కూర్చుంది. కమిటీ ముందు అలా కూర్చోకూడదని ఆమెకు తెలియక కాదు.

మేనేజరు కాపలావాళ్ళ కోసం అటూ ఇటూ చూశాడు. కాపలావాళ్ళు పైకప్పు చూస్తున్నారు. వాళ్ళ అన్నదమ్ములూ ఈ షెడ్డులోనే పనిచేస్తారు. కార్మికుల్లో ఎవరూ ఆమె పక్షాన మాట్లాడలేదు. ఎవరూ ఆమెను దిగమని కూడా అనలేదు. పొద్దున్న ముఖం తిప్పుకున్న వెల్డరు ఒకాయన నెత్తిమీది ముసుగు తీసి చంకలో పెట్టుకున్నాడు.

అధ్యక్షురాలు గుమాస్తాకు చేత్తో సైగ చేసింది. అతను రాయడం ఆపి పుస్తకం మూసేశాడు.

"ఇదంతా విచారణకు సంబంధించిన విషయం కాదు," అంది ఆమె. "సాక్షి జవాబు నిరాకరించిందని మాత్రం రాసుకుంటాం."

"పుస్తకం మూయించకండి మేడమ్. ఆ ప్రశ్న కూడా రాయించండి."

బొంగురు గొంతు. గేటు ముందు ఎన్ని వందల మీటింగుల్లో విందో, చిన్నకోడలికి ఎవరిదో తెలియడానికి అటు తిరగక్కర్లేదు. అయినా తిరిగింది. బావగారు కట్టుకున్న చేతులు విప్పి, వరసలోంచి ముందుకు వస్తున్నాడు. ముఖంలో పొద్దున్నటి నెమ్మది లేదు. ఈయన తనతో కలవడానికి వస్తున్నాడా, తన నోరు మూయించడానికి ఇంకో ఎత్తు వేస్తున్నాడా అన్నది ఆమెకు ఎంత చూసినా అంతు చిక్కలేదు.

"మధ్యలో మీరెవరు?" అంది అధ్యక్షురాలు.

ఆయన ట్యాంకు దగ్గరికి వచ్చి, తమ్ముడి పక్కన నిలబడ్డాడు.

"ఆమె చెప్పబోయే పేరు నాదే," అన్నాడు. "నన్ను ఎక్కడికి తీసుకెళ్ళాలో తర్వాత చూసుకుందాం. ముందు మా ఇంటి కోడలికి జవాబు చెప్పండి."